రావి మొలిచిన మండపం, పూడిన దిగుడు బావి: ముందు దేన్ని ముట్టుకోవాలి?

పల్లెబాట | డిసెంబరు 11, రాత్రి 8:12

చంద్రగిరికి పడమర, కొండ వార పాత ఊరి జాగా. ఊరు రోడ్డు మీదికి జరిగినాక అంతా కంప పట్టిపోయింది. దాంట్లో రెండు కట్టడాలు మిగిలి ఉండాయి.

ఒకటి నాలుగుకాళ్ళ మండపం. రాతి స్తంభాలు, రాతి దూలాలు, పైన బండలు, బండల మీద ఇటుక ముక్కలూ సున్నమూ కలిపి దిమ్మిస చేసిన గచ్చు. ఈశాన్యం మూల బండల సందులో రావి మొలిచింది. మొదలు చుట్టుకొలత 38 సెంటీమీటర్లు. రెండు వేర్లు స్తంభం వెంబడి దిగి నేలను అందుకున్నాయి. ఆ మూల దూలం పోతిక రాయి (స్తంభం తల మీద దూలాన్ని మోసే రాయి) మీద నుంచి రెండు వేళ్ళంత బయటికి జరిగింది.

రెండోది దిగుడు బావి, 6 మీటర్లు × 6 మీటర్లు. మూడు పక్కల సున్నం లేని వట్టి రాతికట్టు, ఒక పక్క మెట్లు. తూర్పు కట్టు కడుపు ఉబ్బినట్టు ముందుకొచ్చింది. రాళ్ళ సందుల్లో మర్రి, గట్టు మీద ఈత. వానలకు నీళ్ళు 4 మీటర్లు ఉండాయి.

సంక్రాంతి లోపల జేసీబీ పెట్టి రెండూ శుభ్రం చేసేద్దామని ఊళ్ళో అంటాండారు. ఏది ముందు, ఏది తర్వాత చెప్పండి. ఫోటోలు కింద పెట్టినా.


రాయీరప్పా | డిసెంబరు 11, రాత్రి 9:05

ముందు జేసీబీని ఆపించండి. మిగతాదంతా తర్వాత.

ఇట్లాంటి స్తంభాలకు పునాది లోతు తక్కువ. రాతి మీద రాయి బరువుతో నిలబడి ఉంటుంది, అతుకు ఉండదు. బకెట్ పక్కన తగిలినా, మొదట్లో అడుగు మట్టి తీసినా స్తంభం ఒరుగుతుంది. మీ ఫోటోలో పైబండ దాదాపు 2.4 మీటర్ల పొడవు, 60 సెంటీమీటర్ల వెడల్పు, 20 సెంటీమీటర్ల మందం కనబడుతోంది. గ్రానైటు ఘనపు మీటరుకు 2.7 టన్నులు. అంటే ఒక్క బండ 780 కిలోల దాకా ఉంటుంది. దాని కింద మనిషి ఉండగా దూలం ఇంకో రెండు వేళ్ళు జరిగితే ఏమవుతుందో వేరే చెప్పక్కర్లేదు.

మొదటి రోజు పని కొలవడమే. దూలం పోతిక మీద ఎన్ని సెంటీమీటర్లు ఆని ఉందో అడుగు నుంచి కొలవండి. 15కు పైన ఉంటే కొంచెం వ్యవధి ఉన్నట్టు. 10 లోపు అయితే ఆ మూల కింద ఇంకే పనీ చేయకుండా స్టీలు జాకీలు రెండు పెట్టాలి. జాకీ కింద 45 × 45 సెంటీమీటర్ల చెక్క పలక, పైన రాయికీ ఇనుముకూ మధ్య మెత్తటి చెక్క. చేత్తో బిగిసేంత వరకే తిప్పండి. పైకి ఎత్తాలని చూడకండి. ఒక మూల ఎత్తితే ఎదురు మూల బండ విరుగుతుంది, ఇలాంటి చోట్ల ఎక్కువగా జరిగే తప్పు ఇదే.

తర్వాత ప్రతి రాయికీ సుద్దతో అంకె వేసి నాలుగు దిక్కుల నుంచీ ఫోటోలు తీయండి. బీటకు అడ్డంగా పలచటి గాజు పట్టీని ప్లాస్టర్ ఆఫ్ పారిస్‌తో రెండు చివర్లా అతికించి పక్కన తేదీ రాయండి. నెల తిరిగాక గాజు పగిలి ఉంటే కట్టడం ఇంకా కదులుతున్నట్టు. పగలకపోతే అది పాత బీట. ఈ రెంటికీ చేసే వైద్యం వేరు.


అడవిమాను | డిసెంబరు 11, రాత్రి 10:20

కొలతలతో పాటు ఇంకొకటి చేయండి. ఏ మొక్క ఎక్కడుందో కాగితం మీద గీసుకోండి. పాడుబడిన కట్టడంలో నీళ్ళు ఎటు నుంచి ఎటు పోతున్నాయో మొక్కలే చూపిస్తాయి.

నల్లగా మసి పట్టినట్టు ఉండేది ఎక్కువ భాగం మసి కాదు, ఎండిన నాచు. అంటే వాన నీళ్ళు ఎప్పుడూ అదే దారిలో జారుతున్నాయి. పచ్చటి పాచి, ఫెర్న్ కనబడితే లోపల తడి ఏడాది పొడుగునా ఉంది. జిల్లేడు, ఉత్తరేణి, గడ్డి చామంతి ఉన్న చోట పైన మట్టి చేరిందిగానీ తడి లోతుకు దిగలేదు. రావి, మర్రి, జువ్వి ఉన్న చోట సందు లోతుగా ఉంది, అందులో తడీ ఉంది, గాలీ ఆడుతోంది.

రావి పండు తిన్న కాకి, గోరింక రెట్టలో విత్తనం బండ సందులో పడుతుంది. చిటికెడు దుమ్ము, నాలుగు రోజుల తడి చాలు. అక్కడి నుంచి వేరు సున్నం వెంబడి పోతుంది, ఎందుకంటే పాత సున్నపు అతుకు తడిని పట్టి ఉంచుతుంది, రాయి పట్టదు. వేరు రాయిని పగలగొట్టదు. ఉన్న సందులోకి దూరి అక్కడ లావెక్కుతుంది. నేల అందే దాకా మెల్లగా పెరుగుతుంది, అందిందంటే ఇంక పట్టపగ్గాలుండవు. మీ చెట్టుకు నేల అందింది.


కంపచెట్టు | డిసెంబరు 12, ఉదయం 7:15

ఇంత పురాణం ఎందుకన్నా. మొదట్లో నాలుగు తూట్లు పొడిచి యాసిడ్ పోస్తే పోతాది. లేదంటే మానంతా నరికి, మొద్దు మీద కిరోసిన్ పోసి అగ్గి పెడితే సరి. కల్లుప్పు కూడా పనిచేస్తాదంటారు.


గచ్చుపని | డిసెంబరు 12, ఉదయం 8:02

సామీ, ఆ మూడూ చెట్టు కంటే ముందు మండపాన్ని తింటాయి.

యాసిడ్ సున్నాన్ని పొంగించి కరిగించేస్తాది. వేరు చచ్చేలోపల అతుకు బూడిదవతాది. ఉప్పు నీళ్ళలో కరిగి ఇటుకలోకీ గచ్చులోకీ ఎక్కుతాది, ఎండకు మళ్ళా గడ్డ కట్టి పొరలు పొరలుగా రాలగొడతాది. ఒకసారి ఎక్కిన ఉప్పును బయటికి తీసేది శానా కష్టం. ఇంక అగ్గి. మన పక్క రాయి గ్రానైటు, దాంట్లో పలుగురాయి ఉంటాది. వేడికి ఒక్కో ఖనిజం ఒక్కో తీరున సాగుతాది, రాయి పెంకులు పెంకులుగా లేస్తాది. ఎండాకాలంలో బోద గడ్డి అంటుకున్న కొండవార గుళ్ళలో స్తంభాల అడుగు చూడండి, తెలిసిపోతాది.

ఇంగువ పెట్టే వాళ్ళు కూడా ఉండారు. దాంతో నష్టం లేదు, అంత లావు రావికి లాభమూ లేదు.


అడవిమాను | డిసెంబరు 12, మధ్యాహ్నం 1:40

తీసే పద్ధతి మొక్క లావును బట్టి ఉంటుంది.

పెన్సిల్ కంటే సన్నంగా ఉంటే వాన కురిసిన మర్నాడు, సందు మెత్తగా ఉన్నప్పుడు, మొదట్లో పట్టుకుని నిదానంగా లాగండి. వేరు కొస దాకా రావాలి. తెగితే మళ్ళీ చిగురుస్తుంది, ఈసారి రెండు కొమ్మలతో.

బొటనవేలంత ఉంటే కోసి, కారే పాలను గుడ్డతో తుడిచి, బెరడుకు ఆనుకుని లోపల ఉండే తడి వలయం మీద కలుపు మందును (గ్లైఫోసేట్) కుంచెతో అద్దాలి. మధ్యలో ఉండే కట్టెకు పూసి లాభం లేదు. కోసిన 5 నిమిషాల్లోపు అద్దాలి. ఆలస్యమైతే పాలు గడ్డకట్టి మూత పడిపోతుంది.

మీది 38 సెంటీమీటర్ల చుట్టుకొలత, అంటే 12 సెంటీమీటర్ల అడ్డుకొలత. దీన్ని ముందు నరకకూడదు. ఆకులు పచ్చగా పనిచేస్తూ ఉన్నప్పుడే మందు వేరులోకి దిగుతుంది. 10 మిల్లీమీటర్ల బిట్‌తో కిందికి వాలుగా, 4 సెంటీమీటర్ల లోతున, మాను చుట్టూ 5 సెంటీమీటర్లకు ఒకటి చొప్పున తూట్లు వేయండి. 7 నుంచి 8 పడతాయి. ఒక్కో తూటులో 3 మిల్లీలీటర్లు పడుతుంది, 2 పోస్తే చాలు. గ్లైఫోసేట్ 41 శాతం ద్రావణం, నీళ్ళు కలపకుండా. మొత్తం 16 మిల్లీలీటర్లు మించదు. పోసిన వెంటనే బంకమట్టితో మూసేయండి, వాన పడినా బయటికి రాదు.

స్తంభం వెంబడి దిగిన రెండు వేర్లను ఆ రోజు ముట్టుకోకండి. అవి తెగితే మందు కిందికి పోయే దారే పోతుంది. 4 నుంచి 6 వారాల్లో ఆకు పసుపెక్కి రాలుతుంది. అప్పుడు వేర్లను నేల దగ్గర కోసి రెండు కొసలకూ మందు అద్దాలి.

కాలం ముఖ్యం. రావి మాఘ ఫాల్గుణాల్లో ఆకు రాల్చి కొత్త చిగురు వేస్తుంది. అప్పుడు రసం పైకి ఎక్కుతుంటుంది, మందు కిందికి దిగదు. ఈశాన్య రుతుపవనం వానలు తగ్గి ఆకు ఇంకా ముదురుగా ఉన్న ఈ డిసెంబరు నెలాఖరే మంచి సమయం.


కోనేటిమెట్లు | డిసెంబరు 12, మధ్యాహ్నం 3:30

రెండు సవరణలు.

2022 అక్టోబరులో కేంద్రం ఇచ్చిన ఉత్తర్వు ప్రకారం గ్లైఫోసేట్‌ను లైసెన్సు ఉన్న పెస్ట్ కంట్రోల్ ఆపరేటర్ల ద్వారానే వాడాలి. ఎరువుల కొట్లో సీసా కొనుక్కొచ్చి ఊళ్ళో కుర్రాళ్ళ చేతికి ఇవ్వకండి. ఆపరేటరును పిలిచి, పైన చెప్పిన తూట్ల పద్ధతిలోనే చేయమనండి. వాళ్ళకు పిచికారీ అలవాటు. ఇక్కడ పిచికారీ వద్దు, పక్కనే బావి ఉంది.

రెండోది అనుమతి. చంద్రగిరి కోట, శ్రీనివాస మంగాపురం గుడి కేంద్ర పురావస్తు శాఖ రక్షణలో ఉన్నవి. పురాతన కట్టడాల రక్షణకు ఉన్న 1958 చట్టానికి 2010లో వచ్చిన సవరణ ప్రకారం అలాంటి కట్టడం హద్దు నుంచి 100 మీటర్లు నిషిద్ధ ప్రాంతం, ఆపైన 200 మీటర్లు నియంత్రిత ప్రాంతం. ఆ 300 మీటర్లలోపు అయితే మరమ్మతుకు కూడా అనుమతి కావాలి. మీ మండపం బయట ఉన్నా రాష్ట్ర జాబితాలో ఉందేమో, దేవాదాయ భూమి అవునో కాదో తహసీల్దారు కార్యాలయంలో సర్వే నంబరుతో చూసుకోండి. రాష్ట్రానికి 1960 నుంచి వేరే చట్టం ఉంది. చెట్టు కొట్టే ముందు 2002 నాటి వాల్టా చట్టం (నీరు, భూమి, చెట్ల రక్షణ చట్టం) కింద అటవీ శాఖకు ఒక అర్జీ పెట్టుకోండి.

అర్జీతో పాటు రాయీరప్పా గారు చెప్పిన అంకెల ఫోటోలు జత చేస్తే పని త్వరగా కదులుతుంది.


పల్లెబాట | డిసెంబరు 12, రాత్రి 8:50

కోటకు 300 మీటర్లు కాదు, కిలోమీటర్లలోనే దూరం ఉండాది. సర్వే నంబరు రేపు చూస్తా. దూలం కొలిచినాం, 12 సెంటీమీటర్లు ఆని ఉండాది.

ఇంకో చిక్కు. రావిని చంపేదానికి పెద్దోళ్ళు ఒప్పుకోవడం లేదు. దేవుడి చెట్టు, మండపమే పోతే పోనీ అంటాండారు.


రాయీరప్పా | డిసెంబరు 12, రాత్రి 9:10

12 అంటే 10కి దగ్గరే. జాకీలు పెట్టండి, ఎల్లుండి దాకా ఆగకండి.


అడవిమాను | డిసెంబరు 12, రాత్రి 9:45

పెద్దవాళ్ళ మాటలో తప్పు లేదు, దానికి దారీ ఉంది. మండపం గచ్చు మీద చిన్న రావి మొలకలు ఇంకా ఉంటాయి. పెన్సిల్ లావు మొక్కను వేరుతో సహా తీసి, తడి గోనె గుడ్డలో చుట్టి, నీడలో తొట్టిలో పెట్టండి. ఆకులు సగం తుంచేయండి, లేకపోతే వేరు ఇచ్చే నీళ్ళు ఆకుకు చాలవు. ఆషాఢం వానలకు గుంత తీసి నాటండి. గుంత 60 సెంటీమీటర్లు, కట్టడానికి కనీసం 15 మీటర్ల దూరం, బావికి ఇంకా దూరం. పక్కన వేప పెడితే ఎటూ పెళ్ళి చేస్తారు, కట్ట కడతారు, నీళ్ళు పోసే వాళ్ళూ దొరుకుతారు. ఆ చెట్టు పిల్ల ఇక్కడే ఉంటుందని చెప్తే చాలామంది ఒప్పుకుంటారు.

మర్రికయితే మణికట్టు లావు కొమ్మ, 2 మీటర్ల పొడవు, మూడో వంతు భూమిలో పాతితే వేరు పడుతుంది. రావి కొమ్మకు అంత తేలిగ్గా పట్టదు.


గచ్చుపని | డిసెంబరు 13, ఉదయం 6:30

చెట్టు చచ్చినాక ఏం చేయాలో చెప్తా. పాడయ్యేదంతా ఇక్కడే.

మానును కొస నుంచి మీటరు మీటరు ముక్కలుగా కోసి, తాడుతో కట్టి దించండి. బండ మీదికి పడేయొద్దు. పైకి కనిపించే వేర్లను రంపంతో అరచేయంత ముక్కలు చేసి తీయండి. సందులో ఇరుక్కున్న దాన్ని గునపంతో పెకలించొద్దు, రాయికి సమంగా కోసి లోపలే వదిలేయండి. అది నాలుగేళ్ళ దాకా మెల్లగా పుచ్చుతాది. ఈలోపల సందు మూతి దగ్గర మాత్రం పలచ సున్నంతో వాన నీళ్ళు దిగకుండా మూయండి. లోపలంతా ఇప్పుడే నింపితే, వేరు ఎండి ముడుచుకున్నాక దాని చుట్టూ సందు మిగిలిపోతాది. దాంట్లోకే మళ్ళా నీళ్ళు, మళ్ళా రావి.

సిమెంటు మాత్రం వద్దే వద్దు. బీటల్లో సిమెంటు కూరడం అంతటా చేస్తాండారు. సిమెంటు బిర్రు, సున్నం మెతక. కట్టడం ఎండకూ చలికీ కొంచెం కదులుతా ఉంటాది, మెతక అతుకు దాన్ని మింగేస్తాది, బిర్రుది రాయి అంచునే విరగ్గొడతాది. పైగా సిమెంటు తడిని బయటికి పోనీదు. లోపల దాక్కున్న తడి వేరుకు పండగ.

సున్నం నీళ్ళలో వేయాలి, సున్నం మీద నీళ్ళు పోయకూడదు. కాల్చిన రాతి సున్నం ఒక వంతుకు మూడు వంతుల నీళ్ళు, ఇనుప పీపాలో. ఉడుకుతాది, ఎగజిమ్ముతాది, కళ్ళద్దాలు లేకుండా దగ్గరికి పోవద్దు. చల్లారినాక రవ్వ జల్లెడలో వంపి, పైన నాలుగు వేళ్ళ నీళ్ళు నిలబెట్టి మూత వేయండి. 21 రోజులు తక్కువలో తక్కువ. ముద్ద వెన్న మాదిరి కరండికి (తాపీకి) అంటుకోవాలి. సంక్రాంతి మాట మరిచిపోండి.

అతుకులకు సున్నపు ముద్ద 1, ఇటుక పొడి 1, కడిగిన ఏటి ఇసుక 2. ఇటుక పొడి బాగా కాలిన నాటు ఇటుకది కావాల, సగం కాలింది మట్టితో సమానం. కరక్కాయ, బెల్లం నీళ్ళు: 50 లీటర్లకు దంచిన కరక్కాయ కిలోన్నర, బెల్లం కిలోన్నర, వారం పది రోజులు నానబెట్టి వడగట్టి, మామూలు నీళ్ళకు బదులు కలపండి. ఇది జాస్తి అయితే సున్నం గట్టిపడేదానికి ఆలస్యమవతాది, చీమలు కూడా పడతాయి.

పైన గచ్చు లేచిపోయిన చోట ఇటుక కంకర రెండున్నర వంతులకు సున్నపు కలగలుపు ఒక వంతు, 7.5 సెంటీమీటర్ల మందం. మీటరుకు 2 సెంటీమీటర్ల వాలు తూము వైపు. చెక్క కోపుతో (దిమ్మిస కొట్టే చెక్కతో) మూడు నాలుగు రోజులు కొట్టాలి, కోపు ఎగిరి పడే దాకా. మధ్యలో కరక్కాయ నీళ్ళు చల్లతా ఉండాల. ఆపైన తడి గోనెలు కప్పి 10 రోజులు. పని ఫిబ్రవరిలో పెట్టుకోండి. ఏప్రిల్ ఎండకు పైపైన ఎండి బీటలు ఇస్తాది.

చంద్రగిరి రాజమహల్ కప్పులు కలప లేకుండా ఇటుక, రాయి, సున్నంతోనే నిలబడి ఉండాయి. ఆ సున్నం చేత్తో గీరితే రాలదు, అట్లని సిమెంటు మాదిరి గాజులా కూడా ఉండదు. ఎట్లాంటి గట్టితనం కావాలో అడిగే వాళ్ళకు అది చూపిస్తే చాలు.


బావిగట్టు | డిసెంబరు 13, ఉదయం 10:15

బావి సంగతి ఎవరూ ఎత్తలేదు. ఈ రెండింటిలో మనుషులను చంపేది బావే.

మొదట నీళ్ళు. పూడిక తీయాలంటే తోడాలి కదా అని 5 హార్స్‌పవర్ మోటారు పెట్టి ఒక్క రోజులో ఖాళీ చేస్తారు. రాతికట్టు వెనక మట్టి ఇంకా నీళ్ళు తాగి బరువుగా ఉంటుంది. ముందు నుంచి అదిమే నీళ్ళు ఒక్కసారి పోతే వెనకది ముందుకు తోస్తుంది, కట్టు కూలుతుంది. రోజుకు 30 సెంటీమీటర్లు, అంతకంటే దించకండి. మీది 6 × 6 కాబట్టి 30 సెంటీమీటర్లంటే 10,800 లీటర్లు, దానిపైన ఊట. ఉబ్బిన కట్టు ఉంది కనుక ఇప్పుడు అసలు తోడొద్దు. ఏప్రిల్, మే నెలల్లో ఊట దానంతట అదే దిగినాకే.

తూర్పు కట్టు ఎందుకు ఉబ్బిందో చూడండి. వట్టి రాతికట్టు సందుల నుంచి ఊట దిగాలి, దానికే సున్నం పెట్టకుండా కడతారు. పైభాగంలో ఎవరో సిమెంటు పూసినట్టు మూడో ఫోటోలో కనిపిస్తోంది. అక్కడ ఊట కళ్ళు మూసుకుపోయాయి, నీళ్ళు వెనకాల నిలిచి తోశాయి. మర్రి వేరు కారణం అనుకుంటారుగానీ, అది తర్వాత వచ్చింది.

మర్రికి మందు పెట్టొద్దు, నీళ్ళ మీద ఉంది. మైలుతుత్తం కూడా వద్దు, చేపలకూ కప్పలకూ విషం. ప్రతి 3 వారాలకు చిగురు కోస్తూ పోండి. ఆకు లేకపోతే వేరుకు తిండి లేదు, రెండేళ్ళకు నీరసించి చస్తుంది. రాళ్ళను పట్టుకుని ఉన్న వేరును మాత్రం కట్టు విప్పే దాకా కదపకండి.

కట్టు విప్పాల్సింది ఉబ్బిన భాగం మాత్రమే, పై వరుస నుంచి కిందికి, రాళ్ళకు అంకెలు వేసి. మళ్ళీ పేర్చేటప్పుడు ప్రతి మూడో వరుసలో వెనక్కి పొడుగ్గా దిగే రాళ్ళు అక్కడక్కడా పెట్టాలి. వెనకాల మట్టి కాకుండా గుండ్రాళ్ళు నింపాలి.

గాలి. అడుగున కార్బన్ డయాక్సైడ్ నిలుస్తుంది, పూడిక కదిపితే హైడ్రోజన్ సల్ఫైడ్ లేస్తుంది. దీపం దించి చూసే పద్ధతి ప్రాణవాయువు తగ్గిందని చెప్తుందిగానీ విష వాయువు సంగతి చెప్పదు. బ్లోయరుతో అరగంట గాలి కొట్టి, నాలుగు వాయువుల మీటరు అద్దెకు తెచ్చి చూసి, నడుముకు తాడుతో ఒకరు, పైన ఇద్దరు. లోపలివాడు పడిపోతే తాడుతో లాగాలి తప్ప ఇంకొకడు దిగకూడదు. బావుల్లో ఒకేసారి ఇద్దరు ముగ్గురు పోయేది ఈ తొందరలోనే.

అంతా అయ్యాక బ్లీచింగ్ పౌడరు 1,000 లీటర్లకు 2.5 గ్రాములు. 4 మీటర్ల నీటికి మీ బావిలో 1,44,000 లీటర్లు, అంటే 360 గ్రాములు. బకెట్లో కలిపి తేట నీళ్ళు మాత్రం పోయాలి. తాగడానికైతే పరీక్ష చేయించాకే.


అడవిమాను | డిసెంబరు 13, సాయంత్రం 5:20

గట్టు మీద ఈత చెట్టును వదిలేయండి. దాని సన్నటి వేర్లు గట్టు మట్టిని పట్టుకుని ఉన్నాయి, రాతికట్టుకు దూరంగా కూడా ఉంది. గిజిగాళ్ళు గుడ్లు పెట్టే కాలం వానాకాలం, అప్పుడు బావి పక్కన పని పెట్టుకోకండి.

కంప కొట్టే వాళ్ళకు: సర్కారు తుమ్మను నేలకు సమంగా కొడితే మూడు నెలల్లో పొదై లేస్తుంది, మొగ్గలు నేలకు కాస్త కిందే ఉంటాయి కాబట్టి. మట్టి తీసి 15 సెంటీమీటర్ల కిందికి కొట్టాలి. స్తంభానికి మీటరు లోపల ఉన్నదానికి ఇలా తవ్వకూడదు, కోసి పదే పదే చిగురు తుంచాల్సిందే. ముల్లు హవాయి చెప్పులోంచి పాదంలోకి దిగుతుంది, తోలు బూట్లు కావాలి.

చేయి పెట్టే ముందు సందుల్లో టార్చి వేసి చూడండి. కట్లపాము, రక్తపింజర రాళ్ళ గుట్టల్లో ఉంటాయి. కొండ వార కాబట్టి ఇంకొకటి వెతకండి: చల్లటి రాతి గోడకు అంటించినట్టు తెల్లటి గుండ్రటి గుడ్లు గుంపుగా ఉంటే అవి బంగారు బల్లివి కావచ్చు. శేషాచలం కొండల్లో ఉండే అరుదైన బల్లి అది, తడి చీకటి సందులే దాని ఇల్లు. ఆ గోడను గీకి సున్నం కొట్టకండి, అటవీ శాఖకు చెప్పండి. గబ్బిలాలుంటే పెంటను పొడిగా ఊడ్చొద్దు, నీళ్ళు చల్లి, ఎన్-95 మాస్కుతో ఎత్తండి. ఆ దుమ్ములో ఊపిరితిత్తులకు పట్టే బూజు ఉండొచ్చు.


కంపచెట్టు | డిసెంబరు 13, రాత్రి 8:00

సరే, యాసిడ్ మాట వెనక్కి తీసుకుంటాండా. కానీ ఒక డౌటు. కంబోడియాలో ఆ గుడి ఉందే, చెట్లు గోడల మీద కూర్చునేది, దాన్ని అట్లనే ఉంచినారు కదా? మనం ఎందుకు చంపాల?


రాయీరప్పా | డిసెంబరు 13, రాత్రి 9:25

అది టా ప్రోమ్, అంకోర్‌లో. ఉంచింది నిజమేగానీ వదిలేసి కాదు. మన పురావస్తు శాఖ వాళ్ళే అక్కడ ఏళ్ళ తరబడి పనిచేశారు. కూలిన మండపాల రాళ్ళు తిరిగి పేర్చారు, చెట్ల కింద ఆధారాలు పెట్టారు. చెట్టును ఉంచడం చంపడం కంటే ఖర్చయిన పని. అండమాన్‌లో రాస్ దీవి చూడండి, 2018 నుంచి నేతాజీ సుభాష్ చంద్రబోస్ దీవి అంటున్నారు. 1941 భూకంపం, 1942 జపాన్ ఆక్రమణ తర్వాత బ్రిటిష్ కట్టడాలు ఖాళీ అయ్యాయి. ఇప్పుడు చాలా చోట్ల గోడ కూలకుండా పట్టుకున్నది మర్రి జాతి వేర్లే. వాటిని తీస్తే గోడ ఇటుకల కుప్ప.

అందుకే తేడా చూడాలి. వేరు రాయిని తోస్తోందా, మోస్తోందా? తొడ లావు దాటి, వేర్లు వలలా అల్లుకుని ఉంటే దాన్ని చంపొద్దు, కొమ్మలు మూడో వంతు తగ్గించి గాలి పట్టు తగ్గించండి. మీ మండపంలో వేరు తోస్తోంది, ఇంకా మోయడం లేదు.


నీటితొట్టి | డిసెంబరు 14, ఉదయం 9:00

చిత్తూరు టౌనులో 1980ల స్లాబు ఇల్లు, పదేళ్ళుగా తాళం. సజ్జ మీద రావి, స్లాబు కింద పెచ్చులు. ఇదే పద్ధతేనా?


రాయీరప్పా | డిసెంబరు 14, ఉదయం 9:30

చెట్టు తీసే పద్ధతి అదే, కట్టడం వేరు. అక్కడ శత్రువు కమ్మి తుప్పు. తుప్పు ఇనుము కంటే కొన్ని రెట్లు ఎక్కువ చోటు తీసుకుంటుంది, కాంక్రీటును అదే పగలగొడుతుంది. సుత్తితో తట్టండి, బోలు శబ్దం వచ్చిన చోటల్లా గుర్తు పెట్టండి. పెచ్చు తీసిన తాజా ముఖం మీద ఫినాఫ్తలీన్ ద్రావణం చల్లితే గులాబీ రంగు వచ్చిన చోట కాంక్రీటు బాగున్నట్టు. రంగు రాకపోతే క్షార గుణం పోయింది, కమ్మికి రక్షణ లేదు. కమ్మి లావు నాలుగో వంతుకు మించి తగ్గితే పైపూత పనికిరాదు. పైన పాత ఆస్బెస్టాస్ రేకులుంటే విరగ్గొట్టకుండా, తడిపి, బోల్టులు విప్పి దించండి. వేరే థ్రెడ్ పెట్టుకుంటే వివరంగా మాట్లాడదాం.


కోనేటిమెట్లు | డిసెంబరు 14, మధ్యాహ్నం 12:10

ఒక హెచ్చరిక. కంప కొట్టి దారి చేయగానే గుప్తనిధుల వాళ్ళు వస్తారు. రాయలసీమలో పాత మండపాలకు రావి కంటే ఇదే పెద్ద బెడద. స్తంభం మొదట్లో రాత్రికి రాత్రి గుంత తవ్వితే జాకీలు కూడా ఆపలేవు. కంపను అంతా ఒకేసారి కొట్టకండి, పని జరిగే వైపు మాత్రమే మనిషి పట్టేంత దారి చేయండి, మిగతా ముళ్ళు కాపలా అనుకోండి. తవ్విన గుర్తు కనబడితే పూడ్చే ముందు ఫోటో తీసి పోలీసులకూ తహసీల్దారుకూ చెప్పండి. మీ పనిలోనే ఏదైనా బయటపడితే 1878 నాటి నిధుల చట్టం ప్రకారం 10 రూపాయల విలువ దాటినదల్లా కలెక్టరుకు తెలియజేయాలి.


పల్లెబాట | డిసెంబరు 15, రాత్రి 9:35

జాకీలు రెండు పెట్టినాం. గాజు పట్టీలు మూడు అతికించినాం. సర్వే నంబరు ప్రకారం గ్రామకంఠం (ఊరి ఇళ్ళ జాగా), దేవాదాయం కాదు, రాష్ట్ర జాబితాలోనూ లేదు. అటవీ శాఖకు అర్జీ రాసినాం.

ఊరోళ్ళతో అనుకున్నది: డిసెంబరు ఆఖర్లో ఆపరేటరుతో తూట్లు. ఇప్పుడే సున్నం నానబెట్టడం. ఫిబ్రవరి మొదట్లో చెట్టు కోత, నెలాఖరులో గచ్చు. దూలాన్ని వెనక్కి జరిపేది కూడా అప్పుడే. మేలో బావి కట్టు. మొలక రావి రెండు తొట్లలో ఉండాయి, ఆషాఢానికి. యాడన్నా తప్పుంటే చెప్పండి.


గచ్చుపని | డిసెంబరు 15, రాత్రి 10:05

రెండు తప్పులు. సున్నం ప్లాస్టిక్ డ్రమ్ములో నానబెట్టినట్టు ఫోటోలో ఉండాది. ఉడికేటప్పుడు అది మెత్తబడి పగులుతాది, ఇనుప పీపాలోకి మార్చండి.

రెండోది, గచ్చు నెలాఖరున అంటే ఆలస్యం. మార్చి ఎండ అంటుకోకముందే 10 రోజుల తడి అయిపోవాల. ఫిబ్రవరి 15 దాటనీయొద్దు.


రాయీరప్పా | డిసెంబరు 15, రాత్రి 10:40

దూలం వెనక్కి జరపడం గచ్చు వేసే ముందే, పైబరువు దించాకే, రెండు టన్నుల చెయిన్ పుల్లీ బ్లాకుతో, స్థానికంగా రాతిపని చేసేవారి చేత. ఆ రోజు గాజు పట్టీల ఫోటో ఉదయం ఒకటి, సాయంత్రం ఒకటి ఇక్కడ పెట్టండి. పట్టీ పగిలి ఉంటే ఆ రోజు పని అక్కడికి ఆపేయాలి.